గొంతు మేస్త్రీలు

మా ఇంటి ఉత్తరపు గోడ మీద ఒకచోట సున్నం నిలవదు. ఏటా కొత్తగా వేయిస్తాం, ఏటా ఆ చోటే పెచ్చులు లేచి రాలిపోతుంది. అరచేయి అంత మేర, నేను కింద కూర్చుంటే నా నోరు తగిలేంత ఎత్తున. సున్నం వేయడానికి వచ్చినామె చెమ్మ పట్టిందంది. చెమ్మే. నా ఊపిరి చెమ్మ. ఆమెకు ఆ సంగతి చెప్పలేదు. బయటివాళ్లకు చెప్పకూడదని మా మేస్త్రీల కట్టుబాటు.

ఏ మేస్త్రీలంటే, మా నాయిన దగ్గర మొదలుపెట్టాలి.

మాది బిజినేపల్లికి దగ్గరి ఊరు. నాయిన రాతిపని నేర్చినవాడు. ఊళ్లో ఆ పని తగ్గిపోయాక గుంపు మేస్త్రీ తోలుకుపోయే కూలీల గుంపుతో కలిసి దూరదేశం పోయేవాడు. ఎక్కడో ఉత్తరాన, కొండల్లో సొరంగాలు తొలిచేచోట మిషన్ పట్టి బండకు రంధ్రాలు వేసేవాడు. ఆ రంధ్రాల్లో మందు కూరి పేలుస్తారు. పేల్చే ముందు విజిల్ ఊదుతారు, అందరూ బయటికి ఉరుకుతారు. ఆ పనిలో కండ్లకన్నా చెవులు ముఖ్యమని నాయిన అనేవాడు. ఆ ఏండ్లలో పీర్ల పండుగ వానల్లో పడేది. పండుగకు గుంపు మొత్తం ఊరికి వచ్చేది. వానకాలం ఇంటిపట్టున ఉండి, దసరా దాటగానే మళ్లీ బండి ఎక్కేది.

నాకు చిన్నప్పటి నుంచీ ఆయాసం. మా బడితోవ అంతా ఎర్రదుమ్ము. బడికి పోయిన నాడల్లా దవాఖానకు పోవాల్సి వచ్చేసరికి అమ్మ మాన్పించింది. అక్క బడి నుంచి వచ్చి, ముఖం కడుక్కుని, ఆ రోజు తాను విన్న పాఠం నాకు చెప్పేది. వాళ్ల సారు ఎట్లా దగ్గుతాడో, ఎక్కడ సుద్దముక్క విరగ్గొడతాడో అదంతా కలిపి చెప్పేది. నా చదువంతా ఆ గడప మీదే అయింది. అమ్మ పాడుకునే కీర్తనలతో అక్షరాలు కూడబలుక్కున్నాను. ఇంతమందిలో నాకొక్కదానికే ఇంటికి వచ్చి చెప్పే పంతులమ్మను ఇచ్చినందుకు దేవునికి ఎన్నిసార్లు స్తోత్రం చెప్పుకున్నానో.

ఒక ఆదివారం చర్చిలో పాస్టరుగారు, జనం ఒక్కసారిగా వేసిన కేకలకు కూలిపోయిన కోటగోడల సంగతి చెప్పారు.  ఇంటికొచ్చాక అక్క నన్ను పక్కకు పిలిచి, చప్పుడుతో గోడ కూలితే, చప్పుడుతో గోడ లేవదా అని అడిగింది. నాకు తెల్వదన్నాను. లేస్తది, లేపేవాళ్లున్నారు, నాయిన వాళ్లలో ఒకడు అంది.

అట్లా పుట్టారు గొంతు మేస్త్రీలు.

వాళ్లుండేది ఎండ ఎరుగని దేశం. కొండ లోపలే ఊళ్లుంటాయి, వీధులుంటాయి, ఆ కొండను తొలిచినవాళ్లూ వాళ్లే, గోడలు లేపినవాళ్లూ వాళ్లే. వాళ్లకు తాపీ లేదు, గుండు దారం లేదు. రాయిని ఎత్తి దాని చెవిలో తమ చప్పుడు చెబుతారు. రాయికి చెవి ఎక్కడుందో మేస్త్రీకే ఎరుక. చెప్పిన చప్పుడు నచ్చితే రాయి దూదిలాగా తేలికై దానంతటదే పోయి కూర్చుంటుంది. మనసులో అబద్ధం పెట్టుకుని చెబితే వంకరగా కూర్చుంటుంది. ఒక్కొక్క మేస్త్రీకి ఒక్కటే చప్పుడు. అది పుట్టుకతో రాదు, బండకు చెవి ఆనించి ఓపిగ్గా కూర్చుంటే బండే ఇస్తుంది. కట్టిన గోడ మీద పేరు చెక్కరు. ఎవరు కట్టారని బయటివాళ్లకు చెబితే ఆ గోడ ఆ రాత్రికే నెర్రెలు బారుతుంది. అందరికీ పెద్దమేస్త్రీ ఒక ఆడమనిషి, ఆమెను చూసినవాళ్లు లేరు.

అమ్మ బియ్యం చెరుగుతూ వినేది. "మీ పెద్దమేస్త్రీ కూలి టైముకిస్తదా, మన గుంపు మేస్త్రీ లెక్కనే తిప్పుతదా?" అనేది. ఆమె కూలి ఇవ్వదని, ఎవరికి ఆకలైతే వాళ్లు గోడకు చెవి ఆనిస్తే కడుపు నిండుతుందని అక్క జవాబు. అయితే మనమూ అక్కడికే పోదాం, పొయ్యి ఊదే బాధ తప్పుతుందని అమ్మ.

నాయినకు అక్క ఇచ్చిన చప్పుడు, పెద్దరాయి ఎత్తేటప్పుడు ఆయన కడుపులోంచి వచ్చే మూలుగు. "ఊఁ" అని కింద మొదలై పైకి లేచి ఆగిపోయేది. నాకేం చప్పుడు ఇస్తావని అడిగితే, నా ఛాతి మీద చెవి పెట్టింది. ఆయాసం ఉన్నవాళ్లకు లోపల పిల్లికూతలు వస్తాయి. అదే నీ చప్పుడు, అందరూ బండ దగ్గర కూర్చుని అడుక్కోవాలి, నీకు లోపలే పెట్టి పంపారు అంది. అప్పటిదాకా ఆ కూతలంటే నాకు భయం. ఆ రోజు నుంచి భయం పోయింది. ఏ దవాఖానలోనూ అంత మంచి మందు దొరకలేదు.

నాయిన ఊరికి వచ్చినప్పుడు ఆయనకు ఇదంతా చెప్పాం. ఆయన నవ్వలేదు. చాలా పెద్ద విషయం విన్నట్టు తలూపి, ఇది బయట పొక్కకుండా చూసుకొమ్మన్నాడు. చూపుడువేలు పెదవుల మీద పెట్టి, ఆ వేలును నేలకు తాకించాడు. అదే మా గుర్తయింది. ఇంకొక కట్టుబాటు ఆయనే కలిపాడు. ఎవరి చప్పుడు వాళ్లకు వినపడితే, ఏ పనిలో ఉన్నా దగ్గరున్న దాని మీద రెండుసార్లు తట్టి జవాబివ్వాలి. నేను వెనక నుంచి వచ్చి "ఊఁ" అంటే, అన్నం ముద్ద నోట్లో ఉన్నా పళ్లెం మీద టక్ టక్ మనిపించేవాడు. నిద్రలో కూడా మంచం పట్టె మీద తట్టేవాడు. అమ్మ మా ముగ్గురినీ చూసి, ముగ్గురికీ ఒకే పిచ్చి పట్టింది, మందు కూడా ఒకటే సరిపోతుందనేది.

కొన్నేండ్లు అట్లా గడిచాయి. ఒక ఏడు ఫోనులో నాయిన మాట మారింది. ఆదివారం ఆదివారం చేసేవాడు. ఆయన చెప్పేది చెప్పేవాడు, మేం అడిగినదానికి ఆఁ ఆఁ అనేవాడు. అన్నం తిన్నవా అంటే ఆఁ. జ్వరం తగ్గిందా అంటే ఆఁ. సిగ్నల్ సరిగ్గా లేదనుకున్నాం.

ఆ వానకాలం పీర్లకు వచ్చాడు. గడపలో చెప్పులు విడుస్తుంటే వెనక నుంచి నేను ఆయన చప్పుడు చేశాను. తట్టలేదు. మళ్లీ చేశాను. సంచి దించి నీళ్లు తాగాడు. నేను ఏడుపు ముఖం పెట్టుకుని అక్క దగ్గరికి పోయాను. అక్క కాసేపు ఆలోచించి, నాయిన పెద్దమేస్త్రీ కింద రెండో మేస్త్రీ అయిండు, ఆ హోదాలో ఉన్నవాళ్లు జవాబివ్వకూడదు అంది. నాయిన ముందర నిలబడి, అవునా నాయినా, నువ్వు రెండో మేస్త్రీవైనవా అని అడిగింది. ఆయన అక్క పెదవుల వంక చూసి, తలూపి, వేలు పెదవుల మీద పెట్టుకుని నేలకు తాకించాడు. నాకు ఎంత సంతోషమైందంటే, ఆ రోజు పీర్ల దగ్గర డప్పులు మోగుతుంటే, మా నాయిన అందరికంటే పెద్దవాడన్నట్టు ఆయన వేలు పట్టుకుని నిలబడ్డాను.

ఇంకే ఇంట్లోనైనా అయితే, తండ్రికి చెవి తగ్గిందని పిల్లలే మొదట కనిపెట్టేవాళ్లు. మాకు ఆయన మౌనానికి ముందే ఒక కథ తయారుగా ఉంది. అమ్మ పొద్దంతా నాట్లలో ఉండేది. ముందర నిలబడి గట్టిగా అంటే ఆయనకు కొంత అందేది, మిగతాది పెదవులు చూసి అల్లుకునేవాడు.

నాట్లు అవుతున్న రోజుల్లోనే, ఒక మధ్యాహ్నం నాకు ఆయాసం ఎత్తుకుంది. ఇంట్లో నేను, వాకిట్లో నాయిన. గోడకు పూయడానికి మట్టి తొక్కుతున్నాడు, వీపు నా వైపుంది. పిలిచాను. గొంతు పెగిలినంత వరకు పిలిచాను. చెంబు తీసుకుని గడప మీద కొట్టాను. వాకిలి దాటి అవతలింటి కోళ్లు బెదిరి ఎగిరాయి. నాయిన మట్టి తొక్కుతూనే ఉన్నాడు. పాట కూడా పాడుకుంటున్నాడు.

కాళ్లు కడుక్కుందామని తిరిగినప్పుడు నన్ను చూశాడు. అట్లాగే, మోకాళ్ల దాకా మట్టితో, నన్ను భుజాన వేసుకుని రోడ్డు మీదికి ఉరికాడు. దొరికిన ఆటోలో దవాఖానకు తెచ్చాడు. ముక్కుకు మందుపొగ వచ్చే గొట్టం పెట్టాక ఊపిరి అందింది. పైనున్న తండ్రి దయ. కళ్లు తెరిచేసరికి నాయిన నా పక్కన కూర్చుని ఉన్నాడు. కాలి మట్టి ఎండి పలకలు పలకలుగా రాలుతోంది. నా చేతి వేళ్లు చూస్తున్నాడు. చెంబు కొట్టీ కొట్టీ కమిలిపోయి ఉన్నాయి. నేను తెలుసుకున్నానని అప్పుడు ఆయనకు తెలిసింది.

వేలు పెదవుల మీద పెట్టుకున్నాడు. వంగి ఆ వేలును గచ్చుకు తాకించాడు. లేచి నా చెవి దగ్గరికి వచ్చి, "మేస్త్రీల మాట మేస్త్రీల నడుమనే ఉండాలె బిడ్డా," అన్నాడు. నేను తలూపాను.

గుంపు మేస్త్రీకి తెలిస్తే మళ్లీ బండి ఎక్కించుకోడు. విజిల్ వినపడని మనిషిని సొరంగంలోకి ఎవరూ పంపరు. తెలియకపోతే పంపుతారు. ఆ రెంటి నడుమ నేనొక్కదాన్నే కూర్చుని ఉన్నాను.

దసరా వరకు ఆయనకు చెవినయ్యాను. ఎవరైనా పిలిస్తే అంగీ కొస పట్టి లాగేదాన్ని. కుక్కర్ కూస్తే పొయ్యి వైపు చూసేదాన్ని, ఆయన లేచి దించేవాడు. అమ్మ మురిసిపోయేది, ఈసారి మీ నాయినకు ఇంటిపని మీద ధ్యాస వచ్చిందని. అన్నిటికన్నా కష్టం మాపటి ప్రార్థన. మా ఇంట్లో అన్నానికి ముందు అందరం చుట్టూ కూర్చుని, కళ్లు మూసుకుని, ఆ రోజుకు దేవునికి ఏ కృతజ్ఞత చెప్పుకోవాలో ఒకరి తర్వాత ఒకరు పైకి చెప్పుకునేది వాడుక. మొదట అమ్మ, తర్వాత అక్క, తర్వాత నేను. చివరిది నాయిన వంతు, ఆయనే ముగించేవాడు. కళ్లు మూసుకుంటే పెదవులు కనపడవు. అందుకని నా వంతు కాగానే, ఎవరికీ తెలియకుండా ఆయన మోకాలు తాకేదాన్ని. ఆయన మొదలుపెట్టేవాడు.

బండి రేపు వస్తుందనగా ఆ మాపు ప్రార్థనకు కూర్చున్నాం. ఆయన సంచి కట్టి తలుపు పక్కన పెట్టి ఉంది. అమ్మ చెప్పుకుంది. అక్క చెప్పుకుంది. నాయిన ఈ వానకాలమంతా మాతో ఉన్నందుకు స్తోత్రం తండ్రీ అని నేను చెప్పుకున్నాను. నాయిన చెవుల గురించి నోరు తెరవనని మాట ఇచ్చాను. తెరవలేదు. చేతులు మాత్రం ఒళ్లోనే పెట్టుకున్నాను.

ఏ చప్పుడూ లేదు. అమ్మ గాజులు ఒకసారి కదిలాయి. అక్క గొంతు సవరించుకుంది. కళ్లు తెరిచి చూశాను. అమ్మ కూడా తెరిచింది. నాయిన ఒక్కడే కళ్లు మూసుకుని, తల కొంచెం నా వైపు వంచి, చిన్నగా నవ్వుతూ కూర్చున్నాడు. అమ్మ మెల్లగా, మీ వంతు అంది. మళ్లీ అంది. ముఖం దగ్గరికి వచ్చి చప్పట్లు చరిచింది. ఆ గాలికి కళ్లు తెరిచాడు. మా ముగ్గురి ముఖాలు చూశాడు. అమ్మను, అక్కను చూసి, చివరికి ఒళ్లో ఉన్న నా చేతులు చూశాడు.

అమ్మ లేచి అన్నం వడ్డించింది. ఎవరం తినలేదు.

తెల్లారి గుంపును ఎక్కించుకుపోయే తుఫాన్ జీపు బండి వచ్చింది. గుంపు మేస్త్రీ దిగి, కొత్త పెండ్లికొడుకు లెక్క ఇంట్లనే దాక్కున్నవా అన్నా అని ఎప్పటిలాగే నవ్వుతూ వచ్చాడు. నాయిన వీపు తిప్పి సంచికి తాడు బిగిస్తున్నాడు. నిన్నటి సంగతి జరగనట్టే బిగిస్తున్నాడు. అమ్మ గడపకు అడ్డం నిలబడింది.

"ఆయనకు వినవడ్తలేదు. రాడు," అంది.

గుంపు మేస్త్రీ నమ్మలేదు. రెండు వేళ్లు నోట్లో పెట్టుకుని, సొరంగం దగ్గర ఊదినట్టే ఈల వేశాడు. బండిలో కూర్చున్నవాళ్లందరూ ఒక్కసారి ఇటు తిరిగారు. నాయిన తాడు బిగిస్తూనే ఉన్నాడు. గుంపు మేస్త్రీ భుజం మీది తువ్వాల తీసి ముఖం తుడుచుకున్నాడు. ముందరికి పోయి నాయిన రెండు చేతులూ పట్టుకున్నాడు. ఆ తర్వాత పోయి బండెక్కాడు.

దుమ్ము అణిగాక నాయిన నా పక్కన వచ్చి కూర్చున్నాడు. తిడతాడనుకున్నాను. "నీ వంతు కాలేదనుకున్న బిడ్డా," అన్నాడు. "చెప్పుకునేటిది చానా ఉన్నదేమో, చెప్పుకోనీ అని కూసున్న."

ఆ మాట ఇన్నేండ్లయినా నా లోపల దిగిన చోటే ఉంది.

నాగర్‌కర్నూల్ దవాఖానలో చూపించాం. సొరంగాల చప్పుడుకే చెవి నరాలు చచ్చిపోయాయన్నారు. చెవి మిషన్ పెట్టిస్తే గోల పెరిగింది గానీ మాట అందలేదు. కొన్నాళ్లు పెట్టుకుని, తీసి గూట్లో పెట్టేశాడు. ఆ చలికాలం అక్క బడి మానేసి అమ్మతో కూలికి పోయింది. మరుసటి వానకాలం గద్వాల దిక్కు, విత్తనం కోసం వేసే సీడు పత్తి చేన్లకు పోయింది, పువ్వుకు పువ్వు అద్దే క్రాసింగు పనికి. పోయే ముందు రోజు, మేస్త్రీల కథ ఇంకొంచెం చెప్పమని అడిగాను. అక్క బట్టలు మడతపెడుతూ, నా వైపు చూడకుండా అంది.

"అది కట్టేటోళ్ల కథ. కూలగొట్టేటోళ్లకు చెప్పరు."

అక్క మంచిది. ఆ మాట అనాల్సి వచ్చింది, అంది. పాఠం అడిగే చెల్లెలినీ, పాఠం చెప్పే బడినీ ఒకేసారి పోగొట్టుకున్న పిల్ల ఇంకేం అంటుంది? నా చదువు కూడా అక్కడే ఆగింది. తర్వాత అక్షరాలు దొరికినచోటల్లా నేనే ఏరుకున్నాను.

ఆ ఏడు గుంపులో ఎవరికీ ఏమీ కాలేదు. పీర్లకు అందరూ క్షేమంగా వచ్చారు. డప్పుల దగ్గర ఆడారు. దానికీ స్తోత్రమే. అయితే నేను నాయినను కాపాడానో, ఉత్తగనే ఇంట్లో కట్టేశానో ఎవరూ చెప్పలేని సంగతి అయిపోయింది. ఆయన పోయినా తిరిగి వచ్చేవాడేమో. అక్క చదువుకునేదేమో. రోజూ ఆయన అరుగు మీద, రోడ్డు వైపు కూర్చునేవాడు. ఎవరైనా పలకరిస్తే ఆఁ ఆఁ అనేవాడు. కొన్నాళ్లకు పలకరించడం తగ్గింది, ఆయన మాట్లాడడమూ తగ్గింది. తన గొంతు తనకే వినపడని మనిషికి మాట మీద ఆశ ఏముంటుంది?

ఒక వానకాలం ఉత్తరపు గోడ ఉబ్బి పడిపోయింది. నాయిన ఆ రాళ్లన్నీ ఏరి మళ్లీ కట్టడం మొదలుపెట్టాడు. తొందరేమీ లేదు కాబట్టి మెల్లగా, ఒక్కొక్క రాయినీ తిప్పి తిప్పి చూసి కట్టాడు. గోడ లేచాక బయట నుంచి అరచేత్తో మట్టి పూస్తున్నాడు. నేను లోపల, పచ్చి గోడకు ఆనుకుని కూర్చున్నాను. ఆ పూట ఛాతి బరువుగా ఉంది. ఊపిరి ఆడడానికి గోడ వైపు ముఖం పెట్టి, నోటిని రాయికి ఆనించి, అమ్మ కీర్తన ఒకటి మెల్లగా పాడుకుంటున్నాను. పాట నడుమ నడుమ పిల్లికూతలు.

బయట మట్టి పూసే చప్పుడు ఆగింది.

నేనూ ఆపాను. మళ్లీ అందుకున్నాను. గోడ అవతల నుంచి, రాయి మీద, టక్ టక్.

లేచి బయటికి ఉరికాను. నాయిన అరచేయి గోడకు ఆనించి, కళ్లు మూసుకుని నిలబడ్డాడు. మట్టి చేయి ఎత్తి ఆ వేలును పెదవుల మీద పెట్టుకుని, వంగి నేలకు తాకించాడు. మూతికి మట్టి అంటింది. ఇద్దరం నవ్వుకున్నాం, ఏడ్చుకున్నాం.

ఆ తర్వాత రోజూ మాపున నేను లోపల, ఆయన బయట. ఏ కీర్తనో ఆయనకు తెలిసేది కాదు, రాయిలో వణుకు తెలిసేది. అది చాలునన్నాడు. ప్రార్థనలో కూడా మళ్లీ మోకాలు తాకడం మొదలుపెట్టాను. ఇప్పుడు అందరికీ తెలిసే తాకేదాన్ని.

పోయిన చలికాలం నాయిన వెళ్లిపోయాడు. జ్వరం వచ్చి, తగ్గి, మళ్లీ వచ్చి, అందులోనే. చివరి రోజు మంచాన్ని ఉత్తరపు గోడకు జరపమన్నాడు, జరిపాం. బయటికి పోయి నేను పాడాను. ఆయన చేయి గోడ మీదే ఉందని అక్క తర్వాత చెప్పింది. తట్టాడా అని అడిగాను. తట్టబోయాడంది.

గద్వాల దిక్కే ఉండిపోయిన అక్క, నాయిన జ్వరం సంగతి విని వచ్చి, నెల నిండేదాకా ఉంది. పోయే రోజు సంచి సర్దుకుని, గోడ దగ్గరికి పోయి నిలబడింది. సున్నం రాలిన చోట అరచేయి పెట్టింది. నన్ను పాడమంది. పాడాను. చాలాసేపు అట్లాగే ఉండి, వంకరగా కూసోలేదే ఒక్కరాయి కూడా అంది. ఆ గోడ కట్టిన మేస్త్రీ మనసులో ఏ అబద్ధమూ పెట్టుకోలేదని దానర్థం. ఎవరు కట్టారో పైకి అనలేదు. కట్టుబాటు తప్పకూడదు కదా.

ఇప్పుడు ఇంట్లో అమ్మా నేనే. మాపున కూర్చుంటాం, కళ్లు మూసుకుంటాం. అమ్మ చెప్పుకుంటుంది, నేను చెప్పుకుంటాను. నా వంతు కాగానే చేయి దానంతటదే పక్కకు పోతుంది. అక్కడ మోకాలు లేదు. అప్పుడు ఇంకొకటి గుర్తు చేసుకుని చెప్పుకుంటాను. గడప మీద అక్క చెప్పిన పాఠాలకు. మట్టికాళ్లతో నన్ను మోసుకుని ఉరికినందుకు. ఛాతిలో కూతలకు. అమ్మ కూడా అన్నం చల్లారనిస్తుంది. నా వంతు ఇంకా కాలేదని, చెప్పుకోనీ అని, నాయిన కూర్చునే ఉంటాడు.